సమతలంలో చలనం

ఒక వస్తువు చలించే మార్గం అంతా ఒకే సమతలంలో ఇమిడి ఉంటే ఆ చలనాన్ని సమతలంలో చలనం లేదా ద్విమితీయ చలనం అంటారు. విసిరిన బంతి, మలుపు తిరిగే బస్సు, నదిని అడ్డంగా దాటే పడవ, భూమి చుట్టూ తిరిగే చంద్రుడు ఇందుకు ఉదాహరణలు. సరళరేఖపై చలించే వస్తువు ముందుకో వెనక్కో మాత్రమే పోగలదు కనుక దాని దిశను ధన, ఋణ గుర్తులతో సూచిస్తే సరిపోతుంది. సమతలంలో దిశలు అనంతం. అందువల్ల ఇక్కడ వేగాన్నీ త్వరణాన్నీ సదిశలుగానే పరిగణించవలసి ఉంటుంది. వేగం ఒక దిశలోనూ త్వరణం వేరొక దిశలోనూ ఉండవచ్చు. వడిలో ఏ మార్పూ లేకుండానే త్వరణం ఉండవచ్చు. ఈ రెండు విషయాలు బోధపడితే మిగిలినది చాలావరకు లెక్కలు కట్టడమే.

వడి, వేగం

నిత్యవ్యవహారంలో వడి, వేగం అనే మాటలను ఒకే అర్థంలో వాడతారు. బస్సు గంటకు 60 కిలోమీటర్ల వేగంతో పోతోంది అన్నప్పుడు నిజానికి చెబుతున్నది వడి మాత్రమే. బండిలోని స్పీడోమీటరు చూపేది కూడా వడినే. భౌతికశాస్త్రంలో వడికి పరిమాణం మాత్రమే ఉంటుంది కనుక అది అదిశ. వేగానికి పరిమాణంతో పాటు దిశ కూడా ఉంటుంది కనుక అది సదిశ.

ప్రయాణించిన దూరాన్ని కాలంతో భాగిస్తే సగటు వడి, స్థానభ్రంశాన్ని కాలంతో భాగిస్తే సగటు వేగం వస్తాయి. 400 మీటర్ల పరుగు బాటను ఒక క్రీడాకారుడు 50 సెకన్లలో పూర్తిగా చుట్టి బయలుదేరిన చోటికే వచ్చాడనుకుందాం. అతని సగటు వడి సెకనుకు 8 మీటర్లు. సగటు వేగం మాత్రం సున్న, ఎందుకంటే స్థానభ్రంశం సున్న. సగటు వేగం చలనాన్ని గురించి ఎంత తక్కువ చెబుతుందో దీనివల్ల తెలుస్తుంది.

అందుకే ఒకానొక క్షణంలోని వేగం, అంటే తత్కాల వేగం, అవసరమవుతుంది. కాలవ్యవధిని అంతకంతకూ తగ్గించుకుంటూ పోతే స్థానభ్రంశానికీ ఆ వ్యవధికీ ఉన్న నిష్పత్తి ఏ అవధిని చేరుతుందో అదే తత్కాల వేగం. కలనగణితంలో దీనిని స్థానసదిశ యొక్క అవకలజం అంటారు. ఈ భావన ఖగోళ గణితంలో చాలా ముందే కనిపిస్తుంది. భాస్కరాచార్యుడు 1150లో రచించిన సిద్ధాంత శిరోమణిలో గ్రహం ఒక రోజులో కదిలే సగటు గతినీ, ఆ క్షణంలోని గతినీ వేరుచేసి, రెండవదానిని తాత్కాలిక గతి అన్నాడు.

తత్కాల వేగం దిశ ఎప్పుడూ మార్గానికి ఆ బిందువు వద్ద గీసిన స్పర్శరేఖ వెంబడి ఉంటుంది. కత్తులు సానపట్టే చక్రం నుండి రేగే నిప్పురవ్వలు చక్రం చుట్టూ తిరగకుండా, కత్తి తగిలిన చోటు నుండి స్పర్శరేఖ వెంబడి తిన్నగా ఎగిరిపోవడం ఇందుకు కంటికి కనిపించే సాక్ష్యం.

వేగాన్ని అంశాలుగా విడదీయడం

సమతలంలో ఒకదానికొకటి లంబంగా ఉండే రెండు దిశలను ఎన్నుకొని వేగాన్ని ఆ దిశలలో రెండు అంశాలుగా విడదీయవచ్చు. ఒక దిశలోని అంశం రెండవ దిశలోని చలనంలో జోక్యం కలిగించుకోదు. రెండు చలనాలూ వేటికవి ఏకకాలంలో సాగిపోతాయి. రెండు అంశాల వర్గాల మొత్తానికి వర్గమూలం తీస్తే వడి వస్తుంది.

నదిని దాటే పడవను ఉదాహరణగా తీసుకోవచ్చు. నది వెడల్పు 600 మీటర్లు, నిలకడ నీటిలో పడవ వడి సెకనుకు 2.5 మీటర్లు, ప్రవాహం వడి సెకనుకు 1.5 మీటర్లు అనుకుందాం. పడవను అవతలి ఒడ్డుకు సూటిగా గురిపెట్టి నడిపితే 240 సెకన్లలో దాటుతుంది. ప్రవాహం ఎంత బలంగా ఉన్నా ఈ కాలం మారదు, ఎందుకంటే ప్రవాహం పడవను పక్కకు తోస్తుందే కాని ఒడ్డుకు చేర్చదు, దూరం చేయదు. కాని ఆ 240 సెకన్లలో పడవ 360 మీటర్లు దిగువకు కొట్టుకుపోతుంది. సరిగ్గా ఎదుటి రేవుకే చేరాలంటే పడవ ముందుభాగాన్ని సుమారు 37 డిగ్రీలు ఎగువకు తిప్పి నడపాలి. అప్పుడు పడవ వేగంలో ఎగువకు ఉండే 1.5 మీటర్ల అంశం ప్రవాహంతో చెల్లుకు చెల్లవుతుంది. అడ్డంగా సెకనుకు 2 మీటర్లు మిగులుతుంది. దాటడానికి 300 సెకన్లు పడుతుంది. తక్కువ సమయంలో దాటించే దారి వేరు, తక్కువ దూరంలో దాటించే దారి వేరు అన్నమాట. ప్రవాహం వడి పడవ వడిని మించితే ఎంత ఎగువకు తిప్పినా ఎదుటి రేవును సూటిగా చేరడం సాధ్యం కాదు. వరద రోజులలో రేవు దాటేందుకు పడవను ఒడ్డు వెంబడి బాగా ఎగువకు తీసుకుపోయి అక్కడ నుండి వదలడానికి కారణం ఇదే.

నిట్టనిలువుగా కురిసే వానలో నడిచే మనిషి గొడుగును ముందుకు వంచవలసి రావడం కూడా ఇటువంటి సాపేక్ష వేగం వల్లనే.

త్వరణం

కాలంతో పాటు వేగంలో వచ్చే మార్పు రేటును త్వరణం అంటారు. వేగం సదిశ కనుక దాని మార్పు మూడు విధాలుగా ఉండవచ్చు: పరిమాణం మారవచ్చు, దిశ మారవచ్చు, రెండూ మారవచ్చు. వాడుకభాషలో త్వరణం అంటే త్వరపడటం అనే భావమే స్ఫురిస్తుంది. సమతల చలనంలో తడబాటుకు చాలావరకు ఈ మాటే మూలం. భౌతికశాస్త్రంలో బ్రేకు వేయడం త్వరణమే, స్టీరింగు తిప్పడం కూడా త్వరణమే.

ఒక కారు సెకనుకు 20 మీటర్ల వడితో తూర్పుకు పోతూ, అదే వడితో 10 సెకన్లలో ఉత్తరానికి తిరిగిందనుకుందాం. స్పీడోమీటరు ముల్లు కదలలేదు. అయినా వేగం మారింది. చివరి వేగం నుండి మొదటి వేగాన్ని సదిశల నియమం ప్రకారం తీసివేయాలి. అంటే ఉత్తరానికి 20తో పాటు పడమరకు 20 కలపాలి. ఫలితం సెకనుకు 28.3 మీటర్లు, వాయవ్య దిశలో. దీనిని 10తో భాగిస్తే సగటు త్వరణం 2.83 మీ/సె² అవుతుంది. కారు ఆ ప్రయాణంలో ఒక్క క్షణం కూడా వాయవ్యంగా పోలేదు. అయినా త్వరణం దిశ వాయవ్యమే. వస్తువు ఎటు పోతున్నదో వేగం చెబుతుంది, దాని పోకడ ఎటు మళ్ళుతున్నదో త్వరణం చెబుతుంది.

ఏ క్షణంలోనైనా త్వరణాన్ని రెండు అంశాలుగా విడదీస్తే దాని స్వభావం స్పష్టమవుతుంది. వేగం వెంబడి ఉండే అంశాన్ని స్పర్శరేఖీయ త్వరణం అంటారు. ఇది వడిని మాత్రమే మారుస్తుంది. వేగానికి లంబంగా ఉండే అంశాన్ని అభిలంబ త్వరణం అంటారు; ఇది దిశను మాత్రమే మారుస్తుంది. దీనిని బట్టి వేగానికీ త్వరణానికీ మధ్య ఉన్న కోణం చూసి చలనం తీరు చెప్పవచ్చు. కోణం 90 డిగ్రీల కంటే తక్కువైతే వడి పెరుగుతుంది, ఎక్కువైతే తగ్గుతుంది, సరిగ్గా 90 డిగ్రీలైతే ఆ క్షణంలో వడి మారకుండా దిశ మాత్రమే మారుతుంది.

ప్రక్షేపక చలనం

గాలిలోకి విసరబడి, ఆ తరువాత గురుత్వాకర్షణకు మాత్రమే లోబడి చలించే వస్తువును ప్రక్షేపకం అంటారు. దీని త్వరణం మార్గం అంతటా ఒక్కటే: 9.8 మీ/సె², నిట్టనిలువుగా కిందికి. క్షితిజ సమాంతర దిశలో త్వరణం లేదు కనుక ఆ దిశలో వేగం మారదు. ఊర్ధ్వ దిశలో వేగం ప్రతి సెకనుకూ 9.8 మీ/సె చొప్పున తగ్గుతూ సున్నకు చేరి, తరువాత కిందివైపు పెరుగుతుంది. ఈ రెండు చలనాల కలయిక వల్ల ఏర్పడే మార్గం పరావలయం.

ఈ సంగతిని గణితపరంగా నిరూపించి ప్రచురించినది గెలీలియో. 1638లో లైడెన్ నగరంలో అచ్చయిన రెండు కొత్త శాస్త్రాల సంభాషణలలో నాలుగవ రోజు చర్చ అంతా ప్రక్షేపకాల గురించే. అంతకు ముందు వంద సంవత్సరాల క్రితం, 1537లో, ఇటలీకే చెందిన టార్టాగ్లియా ఫిరంగి గుండు మొదట తిన్నగా పోయి, కొంత వంపు తిరిగి, చివరకు నిలువుగా పడుతుందని బొమ్మలు గీశాడు. 45 డిగ్రీల వాలులో పేలిస్తే గుండు అన్నిటికంటే దూరం పోతుందని మాత్రం ఆయన సరిగానే చెప్పాడు.

సెకనుకు 20 మీటర్ల వడితో 30 డిగ్రీల కోణంలో విసిరిన బంతికి క్షితిజ సమాంతర అంశం 17.3 మీ/సె, ఊర్ధ్వ అంశం 10 మీ/సె. అది 2.04 సెకన్లు గాలిలో ఉండి, 5.1 మీటర్ల ఎత్తుకు లేచి, 35.3 మీటర్ల దూరంలో పడుతుంది. అదే వడితో 60 డిగ్రీల కోణంలో విసిరితే 15.3 మీటర్ల ఎత్తుకు లేచి, 3.53 సెకన్ల తరువాత మళ్ళీ అదే 35.3 మీటర్ల దూరంలో పడుతుంది. మొత్తం 90 డిగ్రీలయ్యే ఏ రెండు కోణాలకైనా ఇలాగే జరుగుతుంది. క్రికెట్ మైదానంలో బౌండరీ దగ్గరి ఆటగాడు బంతిని ఎత్తుగా కాక తక్కువ కోణంలో విసరడం వల్ల ఆదా అయ్యేది ఈ ఒకటిన్నర సెకను. నిజ జీవితంలో గాలి నిరోధం వల్ల బంతి కాని గుండు కాని ఈ లెక్క కంటే తక్కువ దూరంలోనే పడుతుంది. వడి పెరిగే కొద్దీ ఈ తేడా ఎక్కువవుతుంది.

మార్గంలో అత్యున్నత బిందువు వద్ద త్వరణం ఎంత అన్న ప్రశ్నకు సున్న అని సమాధానం రాయడం విద్యార్థులలో సర్వసాధారణం. అక్కడ సున్న అయ్యేది వేగంలోని ఊర్ధ్వ అంశం మాత్రమే. త్వరణం అక్కడ కూడా 9.8 మీ/సె². అది నిజంగా సున్న అయితే బంతి పైనుండి కిందికి వంగకుండా తిన్నగా సాగిపోవాలి. పైకి పోయేటప్పుడు వేగానికీ త్వరణానికీ మధ్య కోణం 90 డిగ్రీల కంటే ఎక్కువ, శిఖరం వద్ద సరిగ్గా 90, దిగేటప్పుడు అంతకంటే తక్కువ. అందుకే వడి మొదట తగ్గి, శిఖరం వద్ద కనిష్ఠమై, తరువాత పెరుగుతుంది.

వృత్తాకార చలనం

వృత్తంపై స్థిరమైన వడితో తిరిగే వస్తువుకు స్పర్శరేఖీయ త్వరణం సున్న. ఉన్న త్వరణమంతా వృత్త కేంద్రం వైపు ఉంటుంది. దీనిని అభికేంద్ర త్వరణం అంటారు.

త్వరణం = (వడి × వడి) ÷ వ్యాసార్థం

ఈ సూత్రాన్ని రాబట్టడానికి ఒక తేలిక మార్గం ఉంది. వస్తువు ఒక చుట్టు తిరిగే కాలంలో స్థానసదిశ కొన 2 × పై × వ్యాసార్థం అంత దూరం తిరుగుతుంది. దీనిని చుట్టుకాలంతో భాగిస్తే వడి వస్తుంది. వేగ సదిశలన్నిటినీ ఒకే బిందువు నుండి గీస్తే వాటి కొనలు కూడా ఒక వృత్తంపైనే ఉంటాయి. ఆ వృత్తానికి వ్యాసార్థం వడి. అదే చుట్టుకాలంలో ఈ కొన 2 × పై × వడి అంత దూరం తిరుగుతుంది. వేగ సదిశ కొన కదిలే రేటే త్వరణం. మొదటి సమీకరణం నుండి చుట్టుకాలాన్ని తెచ్చి రెండవదానిలో పెడితే పై సూత్రం వస్తుంది. హైగెన్స్ ఈ ఫలితాలను 1673లో, లోలకం గడియారాలపై రాసిన గ్రంథం చివర నిరూపణలు లేకుండా ప్రకటించాడు. ఆయన నిరూపణలు మరణానంతరం 1703లో వెలువడ్డాయి. న్యూటన్ 1660 దశకంలోనే స్వతంత్రంగా ఈ నియమాన్ని కనుగొన్నాడు.

రోడ్డు మలుపులు

ఈ సూత్రంలో వడి రెండుసార్లు గుణించబడటం వల్ల కలిగే పర్యవసానం ఘాట్ రోడ్డు మలుపులలో తెలుస్తుంది. 20 మీటర్ల వ్యాసార్థం గల మలుపులో గంటకు 36 కిలోమీటర్ల వడితో, అంటే సెకనుకు 10 మీటర్లతో, తిరిగే బండికి 5 మీ/సె² త్వరణం కావాలి. వడి రెట్టింపైతే కావలసిన త్వరణం 20 మీ/సె². ఇది గురుత్వ త్వరణానికి రెట్టింపు; మామూలు టైర్లకు అసాధ్యం.

ఈ త్వరణాన్ని సమకూర్చేది టైర్లకూ రోడ్డుకూ మధ్య ఉండే ఘర్షణ. మంచి టైర్లు పొడి రోడ్డుపై ఇవ్వగల గరిష్ఠ త్వరణం 7 మీ/సె² అనుకుంటే పై మలుపులో హద్దు గంటకు సుమారు 42 కిలోమీటర్లు. వాన పడి ఘర్షణ 4 మీ/సె²కు పడిపోతే హద్దు 32 కిలోమీటర్లకు దిగుతుంది. పొద్దున్న 36తో క్షేమంగా తిరిగిన మలుపే సాయంత్రం వానలో అదే 36తో బండిని లోయ వైపు జార్చగలదు. సరుకు ఎత్తుగా పేర్చిన లారీలు ఈ హద్దుకు ముందే పక్కకు ఒరిగి బోల్తా పడవచ్చు.

మలుపు మధ్యలో బ్రేకు వేయడం ఎందుకు ప్రమాదమో కూడా త్వరణం సదిశ అన్న సంగతి వల్లనే అర్థమవుతుంది. టైర్ల ఘర్షణ ఇచ్చేది ఒకే త్వరణం. అందులోనుంచే మలుపు తిప్పే అభిలంబ అంశమూ, బ్రేకు వల్ల కలిగే స్పర్శరేఖీయ అంశమూ రెండూ రావాలి. హద్దు 7 అయి, మలుపుకే 5 ఖర్చయితే బ్రేకుకు మిగిలేది 2 కాదు, 4.9 (49 నుండి 25 తీసివేసి వర్గమూలం తీయగా). అంతకు మించి బ్రేకు నొక్కితే మొత్తం హద్దు దాటి టైర్లు పట్టు తప్పుతాయి. అప్పుడు స్టీరింగు తిప్పినా బండి తిరగదు, స్పర్శరేఖ వెంబడి తిన్నగా పోతుంది. అందుకే వడిని మలుపులోకి ప్రవేశించక ముందే, రోడ్డు తిన్నగా ఉన్నప్పుడే తగ్గించుకోవాలి.

మలుపులో ప్రయాణికులు బయటి వైపుకు నెట్టబడినట్లు అనుభూతి చెందుతారు. నేలపై నిలబడి చూసేవారికి అలా నెట్టే బలం ఏదీ కనిపించదు. ప్రయాణికుని శరీరం తిన్నగా పోబోతుంటే బస్సు లోపలి వైపుకు తిరుగుతున్నదంతే. బస్సునే ఆధారంగా తీసుకొని లెక్క కడితే అపకేంద్ర బలం అనే మిథ్యా బలాన్ని చేర్చుకోవలసి వస్తుంది.

ఘర్షణపై భారం తగ్గించడానికి మలుపులలో రోడ్డు బయటి అంచును ఎత్తు చేస్తారు. ఇండియన్ రోడ్స్ కాంగ్రెస్ ప్రమాణాలలో ఈ వాలుకు గరిష్ఠ పరిమితి మైదాన ప్రాంతాలలో 7 శాతం, మంచు పడని కొండ ప్రాంతాలలో 10 శాతం. ఇంకా ఎక్కువ వాలు పెడితే నెమ్మదిగా పోయే బండ్లు లోపలికి ఒరిగే ప్రమాదం ఉంటుంది. రైలు మార్గాలలో బయటి పట్టాను ఎత్తు చేయడం కూడా ఇందుకే.

చంద్రుని త్వరణం

చంద్రుడు భూమి నుండి సగటున 3,84,400 కిలోమీటర్ల దూరంలో 27.32 రోజులకు ఒక చుట్టు తిరుగుతాడు. దీనిని బట్టి చంద్రుని వడి సెకనుకు సుమారు 1,020 మీటర్లు, భూమి వైపు త్వరణం 0.0027 మీ/సె². చంద్రుని దూరం భూవ్యాసార్థానికి దాదాపు 60 రెట్లు. గురుత్వాకర్షణ దూరపు వర్గానికి విలోమంగా తగ్గేదైతే అక్కడ త్వరణం 9.8ను 3600తో భాగించినంత ఉండాలి. అదీ 0.0027 మీ/సె². 1687లో వెలువడిన ప్రిన్సిపియా మూడవ భాగంలో న్యూటన్ ఈ పోలికనే చూపి, చెట్టు నుండి పండును రాల్చే బలమూ చంద్రుణ్ణి కక్ష్యలో తిప్పే బలమూ ఒకటేనని నిర్ధారించాడు. పడటానికి వేగమూ త్వరణమూ ఒకే దిశలో ఉండనక్కరలేదు. చంద్రుడు కూడా ఎడతెరిపి లేకుండా భూమి వైపు పడుతూనే ఉన్నాడు, కాని పక్కకు పోయే వేగం వల్ల నేలను తాకడు.

హోడోగ్రాఫ్

వేగ సదిశలన్నిటినీ ఒకే బిందువు నుండి గీసినప్పుడు వాటి కొనలు గీసే వక్రరేఖను హోడోగ్రాఫ్ అంటారు. ఐర్లండు గణితవేత్త హామిల్టన్ 1846లో ఈ పేరు పెట్టాడు. సమవృత్త చలనానికి హోడోగ్రాఫ్ వృత్తం, ప్రక్షేపకానికి నిలువు సరళరేఖ. గ్రహాలు దీర్ఘవృత్తంలో వడి మార్చుకుంటూ తిరిగినా వాటి హోడోగ్రాఫ్ కచ్చితమైన వృత్తమే కావడం విశేషం. వేగ సదిశలు బయలుదేరే బిందువు మాత్రం ఆ వృత్త కేంద్రం కాదు.

రాకెట్ల దారి

వడి మార్చకుండా దిశ మాత్రం మార్చడానికి ఎంత ఖర్చవుతుందో రాకెట్ల విషయంలో ఇంధనం రూపంలో కనిపిస్తుంది. వేగ త్రిభుజం గీస్తే, వేగాన్ని 60 డిగ్రీలు తిప్పడానికి కావలసిన మార్పు మొదటి వేగం పరిమాణానికి సరిసమానమని తెలుస్తుంది, ఎందుకంటే అది సమబాహు త్రిభుజం. అంటే రాకెట్టును 60 డిగ్రీలు పక్కకు తిప్పడమంటే అంత వడినీ మళ్ళీ మొదటి నుండి సంపాదించడం లాంటిది. సెకనుకు 7.7 కిలోమీటర్ల వడితో తిరిగే ఉపగ్రహానికి ఒక్క డిగ్రీ దిశ మార్చాలన్నా సెకనుకు 134 మీటర్ల మార్పు కావాలి.

ఆంధ్రప్రదేశ్ తీరంలోని శ్రీహరికోట నుండి తూర్పుకు ప్రయోగించే రాకెట్లకు భూభ్రమణం వల్ల సెకనుకు సుమారు 450 మీటర్ల వేగం ముందే సమకూరి ఉంటుంది. ధ్రువాల మీదుగా తిరిగే కక్ష్యలకు ఈ లాభం లేదు. పైగా ఆ కక్ష్యలకు దక్షిణంగా పోవాలి. తిన్నగా దక్షిణానికి పోతే దారిలో శ్రీలంక ఉంది. రాకెట్టు విడిచే దశలు జనావాసాలపై పడకూడదు. అందువల్ల పీఎస్ఎల్‌వీ మొదట ఆగ్నేయంగా సముద్రంపైకి పోయి, తరువాత దక్షిణానికి మళ్ళుతుంది. ఈ మలుపు ఎంత ఆలస్యమైతే వడి అంత పెరిగి, ఖర్చు అంత ఎక్కువవుతుంది. ఆ మేరకు మోసుకుపోగల ఉపగ్రహం బరువు తగ్గుతుంది. పెద్ద రాకెట్లు ఈ నష్టాన్ని భరించగలవు కాని చిన్న రాకెట్లకు ఇది చాలా భారం. తమిళనాడులోని తూత్తుకుడి జిల్లా కులశేఖరపట్టణంలో రెండవ ప్రయోగ కేంద్రానికి 2024 ఫిబ్రవరి 28న శంకుస్థాపన చేయడానికి ఇది ఒక ముఖ్య కారణం. అక్కడ నుండి దక్షిణానికి మలుపు లేకుండా తిన్నగా సముద్రంపై పోవచ్చు.